విధి లేని నమాజు

తల్లి మళ్ళీ లేచింది. మంచం పట్టె పట్టుకుని నిలబడి, చెప్పుల కోసం కాలితో వెతుక్కుని, గోడవారగా స్నానాలగది వైపు నడిచింది. పక్క గదిలో బల్ల దగ్గర రాసుకుంటున్న ప్రొఫెసరమ్మ ఆ చెప్పుల చప్పుడు విని కలం కింద పెట్టింది.

"అమ్మా, చదివేశావు," అంది అక్కడి నుంచే.

"ఏం చదివేశాను?"

"మధ్యాహ్నం నమాజు. చదివావు, దువా చేసుకున్నావు, చాప మడిచి పెట్టావు. నేనే చూశాను."

"చాల్లే. ఇప్పుడేగా నిద్ర లేచాను."

ఆవిడ పొద్దుటి నుంచి కన్ను మూయలేదు. కుళాయి తిప్పిన చప్పుడు వినబడింది. ప్రొఫెసరమ్మ ఒక తువ్వాలు, నేల తుడిచే గుడ్డ పట్టుకుని వెళ్ళి తల్లి వెనక నిలబడింది. ముందు చేతులు, తరవాత నోరు, ముక్కు, ముఖం, మోచేతుల దాకా చేతులు, తల మీద తడి చెయ్యి, చివరికి పాదాలు. నమాజుకు ముందు చేసుకునే ఈ శుద్ధి వరసలో ఆవిడ ఒక్కటీ తప్పదు. తప్పితే బాగుండునని కూతురికి అప్పుడప్పుడు అనిపించేది. తప్పితే జబ్బు కనీసం జబ్బులా కనబడేది.

వీధిలో అందరికీ ఆమె ప్రొఫెసరమ్మ. విశ్వవిద్యాలయంలో చాలా ఏళ్ళు ఇస్లామీయ ధర్మశాస్త్రం బోధించింది. పెళ్ళి చేసుకోలేదు. "మా అక్క కాపురం పుస్తకాలతో. అత్తా లేదు, ఆడపడుచూ లేదు, దుమ్మొక్కటే పోరు," అని తమ్ముడు వేళాకోళం చేసేవాడు. ఆరాధనా విధుల మీద ఆమె రాస్తున్న గ్రంథం అప్పటికి రెండు సంపుటాలు వచ్చింది. మొదటిది శుద్ధి గురించి, రెండోది నమాజు గురించి. ఏ కాలపు పండితుడు ఏమన్నాడు, ఎవరు ఎవరితో విభేదించారు, ఆ భేదానికి మూలం ఎక్కడుంది అని ఓపిగ్గా విడదీసి చెప్పే పుస్తకాలు. పైన ఒక వాక్యం ఉంటే కింద బారెడు ఫుట్‌నోట్లు. మేడమ్ నవ్వినా దానికొక ఫుట్‌నోటు ఉంటుందని విద్యార్థులు చాటుగా అనుకునేవారు.

మూడో సంపుటం సడలింపుల గురించి. ప్రయాణికుడికి ఏం తగ్గుతుంది, రోగికి ఏం తగ్గుతుంది, నిలబడలేనివాడు ఎలా చదవాలి, కూర్చోలేనివాడు ఎలా చదవాలి, అసలు ఎవరి మీద విధి ఉండదు. ఇది రాయడం కోసమే ముందుగా ఉద్యోగం మానేశానని అందరితో చెప్పింది. నిజానికి అప్పటికే తల్లిని ఒంటరిగా వదిలి గడప దాటే వీలు లేకుండా పోయింది.

తల్లి ఒకప్పుడు ఇంట్లో కుట్టుమిషను పెట్టుకుని ఇద్దరు పిల్లల్ని పెంచిన మనిషి. పొయ్యి మీద పాలు పెట్టి మర్చిపోయేది, బేరం ఆడి వచ్చి సంచి అంగట్లోనే మర్చిపోయేది గాని, నమాజు వేళ మర్చిపోయేది కాదు. మసీదు నుంచి అజాన్ వినబడితే సూది గుడ్డలో ఎక్కడుంటే అక్కడే ఆగేది. ఇప్పుడు అన్నీ ఒక్కటొక్కటిగా పోయాయి. చనిపోయిన భర్త ఎక్కడికో ఊరెళ్ళాడనుకునేది. కొడుకును ఒక్కోసారి తన అన్న అనుకునేది. నమాజు మాత్రం పోలేదు. కాకపోతే చదివిన సంగతి పోయేది. మధ్యాహ్నం నమాజు ముగించి, చాప మడిచి, మంచం మీద కూర్చుని, కిటికీలోంచి ఎండ చూసి, "అయ్యో, వేళ దాటిపోతోంది," అని లేచేది. అలా సాయంత్రం నమాజు వేళ అయ్యేదాకా. ఆ వేళ రాగానే ఇంకో నమాజుతో మళ్ళీ మొదలు.

మాటిమాటికీ తడపడంతో చేతుల చర్మం పగిలిపోయింది. వేళ్ళ సందులు ఎర్రబడి, మడమలు చీలాయి. నీళ్ళు తగ్గించమని డాక్టరు లేపనం రాసిచ్చాడు. లేపనం రాసిన పది నిమిషాలకే కుళాయి. స్నానాలగది నేల ఎప్పుడూ తడే. ప్రొఫెసరమ్మ తుడిచీ తుడిచీ, పడిపోతుందేమోనని వెనకే నిలబడీ నిలబడీ, రాత్రి పక్క మీద వాలేసరికి నడుము రెండు ముక్కలయినట్టుండేది. పుస్తకం ముందు కూర్చుంటే అక్షరాలు కళ్ళ ముందు చీమల్లా పాకేవి. ఒక పేరా మొదలుపెట్టి, లేచి వెళ్ళి వచ్చి, ఏం రాయబోయిందో తనకే గుర్తుండేది కాదు. 'అమ్మ జబ్బు నాకూ అంటుకున్నట్టుంది,' అనుకునేది.

ఒకరోజు విసిగిపోయి, వంటింటి వెనక ఉన్న వాల్వు తిప్పి స్నానాలగదికి నీళ్ళు కట్టేసింది. కట్టేసి వచ్చి బల్ల దగ్గర కూర్చుంది. చెప్పుల చప్పుడు వెళ్ళింది. కుళాయి తిప్పిన కిర్రు వినబడింది. నీళ్ళు రాలేదు. చెప్పుల చప్పుడు వెనక్కి వచ్చింది. తరవాత ఏ చప్పుడూ లేదు. అమ్మయ్య అనుకుని ఒక పేజీ రాసింది. రాసి, అనుమానం వచ్చి చూస్తే తల్లి బాల్కనీలో ఉంది. పూలకుండీలోని పొడి మట్టి మీద రెండు అరచేతులూ తట్టి, దులుపుకుని, ముఖం మీద రాసుకుంది. మళ్ళీ తట్టి చేతుల మీద రాసుకుంది. నీళ్ళు దొరకనప్పుడు మట్టితో చేసుకునే శుద్ధి అది. చేసుకుని నింపాదిగా వచ్చి చాప పరిచింది.

ప్రొఫెసరమ్మ గుమ్మానికి చేరగిలబడి చూస్తూ ఉండిపోయింది. తన మొదటి సంపుటంలో ఆ మట్టి శుద్ధి గురించి ఒక అధ్యాయమే ఉంది. నీళ్ళు నిజంగా లేకపోవడమంటే ఏమిటి, ఉన్నా అందకపోతే ఏమిటి అని ఎంతో చర్చ చేసింది. కన్నకూతురే వాల్వు కట్టేస్తే ఏమిటన్నది మాత్రం అందులో లేదు. నవ్వు వచ్చింది. ఆ నవ్వు సగంలోనే ఏడుపులోకి తిరిగింది. వెళ్ళి వాల్వు తిప్పి మళ్ళీ నీళ్ళు వదిలింది.

తమ్ముడికి కళ్ళజోళ్ళ దుకాణం. మంచివాడే. ఏ పనీ నానబెట్టడం అతనికి చేతకాదు. అద్దం మార్చినట్టు, స్క్రూ బిగించినట్టు ప్రతి కష్టానికీ అప్పటికప్పుడు ఒక మరమ్మతు ఉండాలంటాడు. ఆ వారం వచ్చి, అక్క కళ్ళ కింద నలుపు చూసి, తల్లి చేతులు చూసి కోపం తెచ్చుకున్నాడు.

"ఏంటక్కా ఇది? ఇద్దరూ కలిసి ఒకళ్ళ వెనక ఒకళ్ళు పోయేట్టున్నారే."

"ఏం చెయ్యమంటావు? కట్టేయమంటావా?"

"కట్టేయడం ఎందుకు? చెప్పు. నీ మాట వింటుంది. నువ్వు చదువుకున్నదానివి కదా."

"చదివావమ్మా అంటే నమ్మదురా."

"అది కాదు. అసలు తన మీద నమాజే లేదని చెప్పు. అలా ఉందా లేదా నీ పుస్తకంలో?"

ఉంది. విద్యార్థుల కోసం ఎప్పుడో రాసిన చిన్న పుస్తకంలో కూడా ఉంది. మనిషి చేసిన పనులను నమోదు చేసే కలం నిద్రలో ఉన్నవాడి మీద, పసివాడి మీద, మతి లేనివాడి మీద ఏమీ రాయకుండా పైకెత్తే ఉంటుందని ధర్మశాస్త్రంలో పాత మాట. మతి స్థిమితం తప్పినవారికి నమాజు విధి కాదు. ఇందులో పండితులకు పెద్ద తగువు కూడా లేదు.

"ఉంది," అంది ప్రొఫెసరమ్మ. "కానీ అది మనకోసం రాసింది. వాళ్ళతో చెప్పడానికి కాదు."

"చెప్పకపోతే రాయడం ఎందుకు?"

ఆమె దగ్గర సమాధానం ఉంది. చెప్పే ఓపిక లేకపోయింది. వంటింట్లో పాలు పొంగుతున్న వాసన వస్తే లేచి వెళ్ళింది. వచ్చేసరికి తమ్ముడు అలమరలోంచి ఆ చిన్న పుస్తకం తీసి, తల్లి పక్కన మంచం మీద కూర్చుని, పసిపిల్లకు చెప్పినట్టు వేలు పెట్టి చూపిస్తూ చదువుతున్నాడు.

"చూడమ్మా, అక్కే రాసింది. మతి స్థిమితం తప్పినవారికి నమాజు విధి కాదు. అంటే నువ్వింక కష్టపడక్కర్లేదు. హాయిగా పడుకో."

తల్లి పుస్తకం వంక చూసింది. కొడుకు వంక చూసింది.

"మతి ఎవరికి తప్పింది?" అంది.

తమ్ముడు పుస్తకం మూశాడు.

"నాకా?" అందావిడ. తరవాత గుమ్మంలో పాలగ్లాసుతో నిలబడ్డ కూతురి వైపు తిరిగింది. "నా గురించేనా రాశావు?"

"నీ గురించి కాదమ్మా. అది ఎప్పుడో..."

"నన్ను తీసేశారా?"

కూతురు వచ్చి పక్కన కూర్చుంది. పాలగ్లాసు చేతిలో పెడితే తాగింది. పడుకుంది. సాయంత్రం నమాజు వేళ దాటినా లేవలేదు. తమ్ముడు వెళ్ళేటప్పుడు మెట్ల దగ్గర ఆగి, "చూశావా, విన్నది," అన్నాడు గాని, గెలిచిన మొహం కాదు అతనిది.

మర్నాడు ఆ ఇంట్లో చెప్పుల చప్పుడు లేదు. స్నానాలగది నేల మధ్యాహ్నానికి ఎండింది. ప్రొఫెసరమ్మ కాసేపు ఆ నిశ్శబ్దాన్ని నమ్మలేదు. తరవాత కూర్చుని రాసింది. ఆ మర్నాడు కూడా రాసింది. నెలల తరబడి కదలని అధ్యాయం కాలవకు గండి కొట్టినట్టు సాగింది. రోగి నమాజు ముగిసింది, ప్రయాణికుడి నమాజు ముగిసింది. మధ్యాహ్నం భోజనం చేసి ఒక కునుకు కూడా తీసింది. లేచినప్పుడు ఒళ్ళు తేలిగ్గా ఉంది. తేలిగ్గా ఉన్నందుకు సిగ్గేసింది. సిగ్గుపడుతూనే మళ్ళీ రాసింది.

తల్లి అన్నం తగ్గించింది. ముందు సగం కంచం, తరవాత నాలుగు ముద్దలు. అడిగితే ఆకలి లేదంది. జుట్టు దువ్వుతానంటే వద్దంది. ఎక్కువగా గోడ వైపు తిరిగి పడుకునేది. ఎండ మారినప్పుడు మాత్రం పాత అలవాటు కొద్దీ లేచి కూర్చునేది. లేచి స్నానాలగది దాకా నడిచేది. గడప దగ్గర ఆగిపోయేది. లోపల ఎవరో ఉన్నట్టు, వాళ్ళు బయటికి వస్తే తాను వెళ్దామన్నట్టు కాసేపు నిలబడి, వెనక్కి వచ్చేసేది.

"ఏమ్మా? లోపలికి వెళ్ళు. ఎవరూ లేరు," అంది కూతురు.

"ఎందుకో వెళ్ళకూడదన్నారు," అంది తల్లి.

"ఎవరన్నారు?"

"ఎవరో." ఆవిడ నుదురు ముడిచి ఆలోచించింది. "మంచివాళ్ళే. మంచిగానే చెప్పారు."

ప్రొఫెసరమ్మ డాక్టరుకు ఫోను చేసింది. వారం కిందటి మాట గుర్తుండటం ఏమిటి, పొద్దున తిన్నదే గుర్తుండని మనిషికి? డాక్టరు చాలాసేపు విని, "మాట గుర్తుండదమ్మా. ఆ మాటకు కలిగిన బాధ ఉండిపోతుంది. ఎందుకు బాధో తెలీదు, బాధ ఉందని తెలుస్తుంది," అన్నాడు. మందు అడిగితే దానికి మందు లేదన్నాడు.

ఆ రోజు ఆమె ఏమీ రాయలేదు. తమ్ముణ్ణి తిట్టుకుందామని చూసింది గాని కుదరలేదు. అతను చదివింది ఆమె వాక్యమే. వాక్యంలో తప్పు లేదు. అక్షరం అక్షరం సరైనదే. ఏ సభలో నిలబెట్టి అడిగినా సమర్థించుకోగలదు. విధి కాదు అని రాసింది. అది దయతో దించిన బరువు అని ఆమెకు తెలుసు, ఆ మాట మొదట చెప్పిన పండితులకూ తెలుసు. మోసేవాళ్ళకు అది బరువో, చేతికర్రో ఎవరూ అడగలేదు.

సాయంత్రం తల్లి దగ్గర కూర్చుని పగిలిన వేళ్ళకు లేపనం రాసింది. నీళ్ళు తగలక వేళ్ళు మానుతున్నాయి. డాక్టరు చూస్తే సంతోషిస్తాడు.

"ఏమే," అంది తల్లి ఉన్నట్టుండి. "నువ్వు చదువుకున్నావుగా. ఒకటి అడుగుతాను, నిజం చెబుతావా?"

"అడుగు."

"నామీద నమాజు ఉందా, లేదా?"

ప్రొఫెసరమ్మ చెయ్యి ఆగింది. ఉందంటే అబద్ధం. తనకు వచ్చిన విద్య అంతా అబద్ధం. లేదంటే ఏమవుతుందో ఇప్పటికే చూస్తోంది. ఎదురుగా ఆ రెండు కళ్ళు పరీక్ష ఫలితం కోసం నిలబడ్డ పిల్ల కళ్ళలా ఉన్నాయి.

"విధి సంగతి పక్కన పెట్టమ్మా," అంది చివరికి. "నేను చదివిన పుస్తకాలన్నిట్లో వద్దని మాత్రం ఎవరూ రాయలేదు. ఒక్కళ్ళు కూడా."

"వద్దని రాయలేదా?"

"రాయలేదు."

"రమ్మని కూడా రాయలేదా?"

కూతురు లేపనం మూత బిగించింది.

తల్లి ఆలోచించింది. "పిలవని పేరంటానికి పోయినట్టుంటుందే," అంది నీరసంగా.

"పుట్టింటికి ఎవరైనా పిలుపు కోసం ఆగుతారా అమ్మా?"

ఆ మాట ఎక్కడి నుంచి వచ్చిందో ప్రొఫెసరమ్మకే తెలియదు. ఏ గ్రంథంలోనూ చదివింది కాదు. తల్లి ఒక్క క్షణం చూసి, నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుని నవ్వింది. చాలా రోజుల తరవాత.

"నీకు పెళ్ళే కాలేదు, పుట్టిల్లు గురించి నువ్వేం చెప్తావే!" అంది.

ఆ వేళే లేచి వెళ్తుందనుకుంది కూతురు. వెళ్ళలేదు. గడప దాకా వెళ్ళి మళ్ళీ ఆగింది. కూతురు చెయ్యి పట్టుకుని లోపలికి తీసుకెళ్ళి కడిగించింది. చాప పరిచి నిలబెట్టింది. తల్లి చేతులు కట్టుకుంది గాని, ఎంతసేపటికీ వంగలేదు. తిండి లేక మోకాళ్ళు వణుకుతున్నాయి. ఇన్నేళ్ళూ చేతులూ కాళ్ళూ వాటంతట అవే చేసుకుపోయిన పని ఈ కొద్ది రోజుల్లో తెగిపోయింది. "తరవాత ఏంటి?" అని అడిగింది భయంగా. కూతురు కుర్చీ తెచ్చి కూర్చోబెట్టింది. అప్పటికీ తరవాత ఏమిటో ఆవిడకు తెలియలేదు. ఆ రోజు నమాజు జరగలేదు.

తల్లి నిద్రపోయాక ప్రొఫెసరమ్మ బల్ల దగ్గర కూర్చుంది. రాయడానికి కాదు, వెతకడానికి. ఎక్కడో చూసిన గుర్తు. ఏ సంప్రదాయానికి చెందిన పుస్తకమో, ఎవరి వ్యాఖ్యానమో తట్టలేదు. మగత వల్ల ఎన్ని చదివాడో, ఎన్నిసార్లు వంగాడో లెక్క తెలియని రోగి గురించి ఎవరో ఒక ముక్క అన్నారు. పుస్తకం మీద పుస్తకం దించింది. పొద్దున్నే మొదలుపెట్టి మళ్ళీ వెతికింది. చివరికి దొరికింది తన రాతప్రతిలోనే, ఒక ఫుట్‌నోటు చివర. అలాంటి రోగి మీద విధి లేదు. అయితే పక్కన ఇంకొకరు కూర్చుని చెబుతూ ఉంటే, ఆ మాట ప్రకారం చేస్తే, అది చెల్లుతుందనే అనిపిస్తుంది. అంతే. ఆ పాత వ్యాఖ్యాత కూడా గట్టిగా చెప్పలేదు. అనిపిస్తుంది అన్నాడు. ఆమె దాన్ని బలహీనమైన అభిప్రాయమని కిందికి తోసేసింది.

ఎన్నో వందల ఏళ్ళ కింద ఆ మాట రాసినవాడి ఇంట్లో ఎవరుండి ఉంటారా అని మొదటిసారి ఆలోచించింది. తల్లో, తండ్రో, మంచాన పడ్డ గురువో. ఎవరూ లేకుండా అలాంటి మాట తోచదు.

ఆ మధ్యాహ్నం తల్లిని కుర్చీలో కూర్చోబెట్టి, పక్కన చిన్న పీట వేసుకుంది.

"నేను చెప్తుంటాను. నువ్వు చెయ్యి. సరేనా?"

"తప్పు పోతే?"

"తప్పు నాది."

"అయితే సరే," అంది తల్లి హుషారుగా.

"చేతులెత్తు. కట్టుకో. ఇప్పుడు చదువు." మొదటి రెండు మాటలు అందిస్తే మిగతావి తల్లి పెదవుల మీద వాటంతట అవే వచ్చాయి. వాటిని ఎవరూ తీసేయలేకపోయారు. "ఇప్పుడు వంగు. చాలు, లే. ఇప్పుడు సజ్దా. నుదురు నేలకు ఆనించక్కర్లేదు, ఇంకాస్త వంగితే చాలు. లే." ఆవిడ మాట ప్రకారం చేసింది. చెప్పిందాకా కదలకుండా ఆగింది. చెప్పగానే చేసింది. నమాజు ముగిసేసరికి ప్రొఫెసరమ్మ గొంతు ఎండిపోయింది. తల్లి మొహం కడిగిన కంచంలా తళతళలాడుతోంది. ఆ రాత్రి రెండోసారి అన్నం వడ్డించుకుంది.

కథ ఇక్కడితో సుఖాంతమైతే బాగుండేది. కాలేదు. తిండి పడి కాస్త బలం రాగానే పాత పాటే. "వేళ దాటిపోతోంది," అని లేచేది. కొన్నిసార్లు, "ఇద్దరం కలిసి చదివాంగా అమ్మా," అంటే ఆగేది. ఇద్దరూ అన్న మాట దగ్గర ఆవిడకు ఏదో నమ్మకం. "ఓహో, నువ్వూ ఉన్నావా? అయితే సరే," అనేది. ఇంకొన్నిసార్లు వినేది కాదు. అప్పుడు మళ్ళీ కుళాయి, మళ్ళీ కుర్చీ, మళ్ళీ పీట. ప్రొఫెసరమ్మ నడుము నొప్పి నడుముకే ఉంది. రాత ఎక్కడిదక్కడే ఉంది. ఇదివరకు విసుగుతో అలిసిపోయేది, ఇప్పుడు విసుగు లేకుండా అలిసిపోతోంది. అలసటలో మాత్రం తేడా లేదు.

తమ్ముడు ఆదివారాలు వస్తానన్నాడు. ఏమీ అడగలేదు, ఏమీ ఒప్పుకోలేదు. వచ్చి పీట మీద కూర్చున్నాడు. దుకాణంలో అలవాటు కొద్దీ తొందర. "వంగమ్మా, లేమ్మా, సజ్దా," అని గడగడా చెప్పుకుపోయాడు. తల్లి మధ్యలో ఆగి, నమాజు సంగతి మర్చిపోయి, "ఎవర్రా నువ్వు, బస్సు పోతోందా?" అంది. మొత్తం మొదటి నుంచి చేయించాల్సి వచ్చింది. రెండోసారి అతను నెమ్మదిగా చెప్పాడు. నమాజు అయ్యాక స్నానాలగదిలోకి వెళ్ళి చాలాసేపు ముఖం కడుక్కున్నాడు.

"ఎలా చేస్తున్నావక్కా రోజూ?" అన్నాడు బయటికి వచ్చి.

"బాగా చేయట్లేదురా. చేస్తున్నాను, అంతే. నువ్వుంటావుగా, కాసేపు పడుకుంటాను," అని ఆమె గదిలోకి వెళ్ళి, పుస్తకాలు పరిచి ఉన్న మంచం మీదే ఒక పక్కగా ఒరిగి నిద్రపోయింది.

సంపుటం అనుకున్నదానికంటే చాలా ఆలస్యంగా ప్రచురణాలయానికి చేరింది. సగం పంపుతూ, సగం సవరించుకుంటూ, ఎలాగో పూర్తి చేసింది. అందులో ఆమె ఒక్క మార్పు చేసింది. ఆ ఫుట్‌నోటును పైకి తెచ్చి ఒక పేజీ చేసింది. మతి తప్పిన మనిషి మీద విధి లేదన్న వాక్యాన్ని అలాగే ఉంచింది, అది సరైనదే కాబట్టి. దాని వెంటనే, ఆ మనిషి అడిగితే పక్కన కూర్చునేవాళ్ళు ఏం చేయవచ్చో రాసింది. కుర్చీ ఎలా ఉండాలి, మాట ఎంత నెమ్మదిగా చెప్పాలి, ఎక్కడ ఆగాలి, చెప్పేవాళ్ళు అలిసిపోతే ఇంకెవరు కూర్చోవచ్చు. ఆ అభిప్రాయం బలహీనమైనదనీ, చెప్పినవారు కొద్దిమందేననీ దాచకుండా రాసింది.

సంపాదకుడు చదివి ఫోను చేశాడు. అది మధ్యాహ్నం నమాజు వేళ. ఫోను మోగి ఆగి, మళ్ళీ మోగింది. కుర్చీలో తల్లి ఆ చప్పుడుకు తల తిప్పబోతుంటే, "నువ్వు వంగమ్మా," అని చెప్పి ప్రొఫెసరమ్మ ఫోను తీసింది.

"మేడమ్, పుస్తకం అద్భుతంగా వచ్చింది," అన్నాడు సంపాదకుడు. ఎప్పుడూ మర్యాదగా, చుట్టు తిరిగి విషయానికి వచ్చే మనిషి. "ఒక్క చిన్న సంగతి. రోగి నమాజు అధ్యాయంలో ఒక పేజీ. కుర్చీ, మాట నెమ్మదిగా చెప్పడం, అదీ."

"ఆఁ."

"మీ స్థాయి గ్రంథంలో అది కొంచెం... ఇంట్లో మాటల్లా ఉంది. ఆధారం కూడా బలహీనమని మీరే రాశారు. మీరు మొదట పంపిన ప్రతిలోలా ఫుట్‌నోటులో ఒక వాక్యం సరిపోతుంది కదా? పండితులు చదివే పుస్తకం. అంత వివరం ఎవరికి కావాలి?"

ఆమె కుర్చీ వంక చూసింది. తల్లి మోకాళ్ళ మీద చేతులు ఆనించి, వీపు వంచి, కదలకుండా ఉంది. పక్కకు కూడా చూడటం లేదు.

"దాని గురించి తరవాత మాట్లాడుకుందామండీ," అంది ప్రొఫెసరమ్మ.

"రెండు నిమిషాలు చాలు మేడమ్, అచ్చుకు వెళ్ళాలి..."

"లేదండీ, పెట్టేస్తున్నాను. మా అమ్మ వంగి ఉంది. నేను చెప్తేగాని లేవదు."